రెండు రంగుల తాడు

కపోయేరా అంటే డాన్సా, కొట్లాటా? ఆర్నెల్లుగా నేర్చుకుంటున్నా నాకిప్పటికీ తెలియదు. బ్రెజిల్‌లో బానిసలు దొరలకు అనుమానం రాకుండా కొట్లాటను ఆటలా ఆడేవాళ్లని మా టీచర్ చెప్పింది. ఆమె వనస్థలిపురంలో పెరిగిన కోస్తా అమ్మాయి. బెంగళూరులో నేర్చుకుని వచ్చి, ఎల్‌బీ నగర్‌లో ఒక టైలర్ షాపు మీది హాల్లో మాకు నేర్పుతోంది. సొరకాయ బుర్ర కట్టిన ఒంటితీగ విల్లు వాయిస్తూ పోర్చుగీసులో పాడుతుంది. మేం అర్థం తెలియకుండానే వంత పాడతాం. ఎదుటివాళ్ల కాలు ముఖం మీదికి వస్తుంది, తగలదు. తగలనప్పుడు కొట్లాట ఎలా అవుతుందని అడిగితే టీచర్ నవ్వుతుంది. నాకు ఒళ్లు మండుతుంది.

మొదటి తాడు నడుముకు కట్టే రోజు దగ్గరపడింది. టీచర్ తెల్ల తాడు ఇచ్చి పసుపు రంగు వేయించుకు రమ్మంది. మా నాయిన పోచంపల్లిలో ముప్పై ఏళ్లు నూలుకు ముడులు కట్టి రంగులద్దినవాడు. ఇప్పుడు దిల్‌సుఖ్‌నగర్‌లో ఒక కొట్లో చీరలు మడతపెడతాడు. తాడు చేతికివ్వగానే ఆయన ముఖం వెలిగిపోయింది.

ఆ రోజు హాల్లో నాయిన సంచిలోంచి తాడు తీశాడు. తాడు పొడుగునా జానెడు పసుపు, జానెడు ఎరుపు. రంగులు కలిసేచోట మా ఊరి చీరల్లోలాగే కొంచెం చెదిరి ఉంది.

టీచర్ తెల్లబోయింది. "చాలా బావుందండీ అంకుల్. కానీ రెండు రంగుల తాడు ఏళ్ల తరబడి ఆడినవాళ్లదండీ. నాకే ఇంకా రాలేదు."

"ఒట్టి పసుపు ఏం బాగుంటది బిడ్డా, అందుకే కట్టి అద్దిన," అన్నాడు నాయిన నా వైపు చూస్తూ.

ఇక్కడ రంగంటే హోదా అని ఆయనకు నేను చెప్పలేదు. నాకే సరిగ్గా అర్థం కాలేదు మరి. ఇన్నేళ్లకు ఆయన మళ్లీ రంగుల్లో చెయ్యి పెడితే, ఆ పనీ పనికిరాకుండా చేశానని ఏడుపొచ్చింది.

టీచర్ తన దగ్గరున్న పసుపు తాడు నాకు కట్టి, ఆటలోకి లాగి, దబ్బున కింద పడేసింది. కొత్తవాళ్లకు అదే స్వాగతమట. నాయిన కుర్చీలోంచి లేచాడు. "ఏందమ్మా, నా బిడ్డను గట్ల పడేస్తివి?"

అందరూ చప్పట్లు కొడుతున్నారు. ఆయనకేం అర్థం కాలేదు, నాకూ కాలేదు.

తిరిగి వస్తుంటే నాయిన తను అద్దిన తాడు సంచిలోంచి తీసి మెట్రో మెట్ల దగ్గర ఆగాడు.

"గీ తాడు కట్టుకోనీకి నీకు ఎన్నేండ్లు పడ్తది?"

"ఎనిమిదో పదో పడ్తయి నాయినా. అసలొస్తదో రాదో."

ఆయన తాడును చుట్ట చుట్టి జాగ్రత్తగా సంచిలో పెట్టుకున్నాడు.

"పదేండ్లయినా నా రంగు పోదు తియ్," అన్నాడు. "నువ్వయితే ఆట ఇడ్సిపెట్టకు."