అరివేణి కుండా, నీలం రాయీ

మా ఇంట్లో ఇప్పుడు నన్ను నీళ్ళ కుండ దగ్గరికి పోనీయరప్పా. దప్పికైతే హాల్లో కూర్చోని కేకేయాల, మాయమ్మ గ్లాసులో పోసి తెచ్చిస్తాది. నగొద్దండి. టీ తాగండి, చెప్తా. పోయిన నెల మా సరళ పెండ్లిలో నేను చేసిన పనికి ఈ శిక్ష తక్కువే.

ప్రొద్దుటూరు బజారులో మాది స్టీలు సామాన్ల అంగడి, మీకు తెలిసిందే. ఎండాకాలం మధ్యాన్నం మా ఊర్లో మనిషన్నోడు బయటికి రాడు, ఇంక బేరం యాడొస్తాది? షట్టరు సగం దించి ఇంటికొచ్చి, అన్నం తిని, నేనూ మా చెల్లెలు సరళా టీవీ ముందర కూర్చునేటోళ్ళం. బెంగుళూరులో ఉండే మా చిన్నాయన కొడుకు వాడు కొత్తది కొనుక్కోని, పాత గేమ్ డబ్బా మాకిచ్చినాడు. దాంతో వచ్చింది ఒకే ఒక్క ఆట. దాంట్లోనే మేమిద్దరం రెండేండ్లు బతికినాం.

ఆటంటే ఏముంది, నల్లకోటోడు ఒకడు. వీపు మీద వాడంత పొడుగు కత్తి. దయ్యాలను కొట్టుకుంటా పోవాల. అయితే ఊరికే కొట్టి చంపితే మర్యాద లేదప్పా, స్టైలుగా కొట్టాల. ఒకే దెబ్బ మళ్ళీ మళ్ళీ కొడితే తెర మీద 'డి' అని పడి పరువు తీస్తాది. రకరకాలుగా, మనకు దెబ్బ తగలకుండా, గాల్లోకి లేపి కొడితే ఒక్కో అక్షరం ఎక్కి, 'ఏ' కూడా దాటి చివరికి 'ఎస్' అని పడ్తాది. నేను మొదట్లో చేతికొచ్చిన బటనల్లా నొక్కేటోన్ని. సరళ పక్కన చాట పెట్టుకోని బియ్యం ఏరుకుంటా చూసేది.

"ఏంన్నా, ఆడుతాండావా, పచ్చడి నూరుతాండావా?" అనేది.

రోషమొచ్చి నేర్చుకున్నా. శానా రోజులు పట్టింది. గుట్టు ఏందంటే ఆగడం. కొట్టు, కొట్టు, ఆగు, కొట్టు. ఆ ఆగిన చోట వాడు కత్తిని తల చుట్టూ తిప్పి ఒక ఊపు ఊపుతాడు చూడండీ, చుట్టూ ఉండే దయ్యాలన్నీ ఒకేసారి ఎగిరిపడ్తాయి. ఆ దెబ్బ వచ్చిన రోజు నేను అంగడిలో గిరాకీకి గంటె చూపిస్తా కూడా మణికట్టు తిప్పినా. ఆయమ్మ భయపడి చెంబు కొనుక్కోని పోయింది.

కొట్టడం నాది, వెతకడం సరళది. ఆ ఆటలో నీలం రాళ్ళని ఉంటాయి, యాడ్నో ఒక చోట దాచిపెట్టింటారు. బొమ్మల వెనకాల, గోడ సందుల్లో, ఎక్కువగా కుండల్లో. అందుకని దయ్యాలు చచ్చినాక గదిలో ఉండే కుండలన్నీ పగలగొట్టి చూసుకోవాల. బియ్యంలో రాయిని పట్టే కండ్లు కదా దానివి, "ఆ మూలన నీడ చూడన్నా, ఏదో ఉండాది, కొట్టు" అనేది. నేను కొట్టేటోన్ని. రాయి బయటపడేది. కరెంటు పోయి ఆడిందంతా పోతే ఇద్దరం కలిసి కరెంటోళ్ళను తిట్టుకునేటోళ్ళం.

అట్లా అన్నీ దొరికినాయి, ఒక్కటి తప్ప. ఆ ఒక్కటీ యాడుందో దేవునికెరుక. వెతికిన గదులే మళ్ళీ వెతికినాం. ఈ లోపల రాజంపేట సంబంధం కుదిరింది. మంచి పిల్లోడు, మంచి కుటుంబం. ముహూర్తం పెట్టుకున్నారు.

"నేను పోయేలోపల అది దొరికితే బాగుండన్నా" అనింది ఒకరోజు, చాటలోనుంచి తల ఎత్తకుండా.

"దొరుకుతాదిలే" అన్నా.

సరళ పోతాందంటే నాకు గుబులుగానే ఉండాది. దానికీ ఉండింటాది. ఆ మాట మాత్రం ఇద్దరం ఎత్తలేదు. రాయి గురించే మాట్లాడుకున్నాం. అది దొరకనేలేదు, పెండ్లి వచ్చేసింది.

పెండ్లికి ముందురోజు పొద్దున అరివేణి కుండలు తెచ్చినారు. మీ ఇండ్లల్లో కూడా తెస్తారు కదా, కుమ్మరోళ్ళింటికి మేళాలతో పోయి, వాళ్ళకు బియ్యం, కందిబ్యాళ్ళు ఇచ్చి, సున్నం చారలు, ఎర్రమన్ను బొట్లు పెట్టిన కుండలను ముత్తైదువల నెత్తిన పెట్టి ఊరేగింపుగా తేవడం. మా హాల్లో ఈశాన్యం మూలన వడ్లు పోసి, ఒకదాని మీద ఒకటి పేర్చి, పక్కన దీపం పెట్టినారు. పెండ్లి అయ్యేదాకా ఆ దీపం ఆరకూడదు, ఆ కుండలు కదలకూడదు. వాటికి కాపలాగా మా ముసలి జేజిని పీట మీద కూర్చోబెట్టినారు. కాపలా పెట్టింది బయటోళ్ళ కోసం. దొంగ ఇంట్లోనే ఉండాడని వాళ్ళకేం తెలుసు.

మధ్యాన్నానికి పెండ్లికొడుకోళ్ళు దిగినారు. భోజనాలైనాయి. జేజి పీట మీదే గోడకానుకోని కునుకు తీస్తాంది. పెండ్లికొడుకు తమ్ముడు సురేషు నా పక్కన కూర్చున్నాడు. మాటల్లో తేలిందేందంటే, వాళ్ళింట్లో కూడా అదే ఆట ఉండాది.

"వంతెన మీద రెక్కల దయ్యం ఉండాది కదా బావా, దాని దగ్గర 'ఎస్' ఎవరికీ రాదు" అన్నాడు.

"నాకొచ్చింది."

"ఊరికే చెప్పొద్దు బావా. 'ఏ' వచ్చుంటాది."

ఇంకేమప్పా. ఆడపెండ్లోళ్ళం, మగపెండ్లోళ్ళు ఏమన్నా ఊఁ కొట్టాల్సింది. వక్కాకు ఇచ్చి పంపిస్తే అయిపోయేది. టీవీ పెట్టి చూపిద్దామంటే, పెండ్లి సామాన్లకు చోటు కావాలని మా నాయన దాన్ని అటక మీదికి ఎక్కించినాడు. గోడకు పందిరి వేయంగా మిగిలిన వెదురుబొంగు ఆనించి ఉండాది. తీసుకున్నా.

"చూడు బావా. అందరూ మూడు దెబ్బలు వరసగా కొడ్తారు. తప్పు. కొట్టు..." అని ఒకటి ఊపినా. పిల్లకాయలు గోడ వారకు జరిగినారు. "కొట్టు..." రెండోది. సురేషు కండ్లు పెద్దవి చేసినాడు, నాకు ఇంకొంచెం ఊపొచ్చింది. "ఇప్పుడు ఆగాల. ఇదీ అసలు విద్య."

ఆగినా. ఆగినోన్ని ఆగినట్లే ఉండినా బాగుండు. ఆగినప్పుడు నా కన్ను ఈశాన్యం మూలకు పోయింది. మూలన కుండలు. పక్కన దీపం. రెండేండ్లుగా చేతికి అలవాటైన పని. నేను కొట్టలేదప్పా, దేవుని సాక్షిగా చెప్తాండా, చెయ్యే కొట్టింది.

పై కుండ పగిలింది. ముక్కలు జేజి ఒళ్ళో పడినాయి. దీపం మాత్రం ఆరలేదు, అదొక్కటే నా పుణ్యం.

ఇంతవరకు అయితే చెయ్యి జారిందని సర్దిచెప్పుకోవచ్చు. తర్వాత చేసింది వినండి. బొంగు పక్కన పెట్టి, మోకాళ్ళ మీద కూర్చోని, ఆ పెంకుల్లో చెయ్యి పెట్టి వెతికినా. నిజంగా వెతికినా. పెంకు తిరగేసి కింద కూడా చూసినా.

మాయమ్మ పైన నిలబడి, "ఏం వెతుకుతాండావురా?" అనింది.

ఏం చెప్పాల? ఇంకో పెంకు తిరగేసినా.

సద్దు విని లోపలి గదినుంచి సరళ హాలు గడప మీదికొచ్చింది. నలుగు పెడ్తాండారు, మొగమంతా పసుపు. పెంకులు చూసింది, బొంగు చూసింది, నన్ను చూసింది. ఎవరూ చెప్పకుండానే దానికంతా అర్థమైపోయింది.

"దొరికిందాన్నా?" అనింది.

నాకు నగు ఆగలేదు. దానికీ ఆగలేదు. అన్నాచెల్లెండ్లం కడుపు పట్టుకోని నగుతాంటే, పెండ్లికొడుకు మేనత్త లేచి నిలబడింది. "అరివేణి కుండ పగిలితే ఏడ్వాల్సింది పోయి నగుతారా? ఇట్లాంటి ఇంటినుంచా మేము పిల్లను తీసుకుపోతాండేది?" అనింది.

సరళ మొగంలో నగు అట్లే ఆగిపోయింది. కండ్లల్లో నీళ్ళు తిరిగి, పసుపు మీద చారలుగా కారినాయి. అది చూసినాక నాకు ఆ పెంకుల్లోనే దూరి దాక్కోవాలనిపించింది. రేపు వాళ్ళింట్లో అడుగుపెట్టే పిల్లకు ఈ రోజే మాట వచ్చింది, అదీ నావల్ల. పొద్దున్నుంచి అందరికీ చేతులు కట్టుకోని మర్యాదలు చేసిన మా నాయన పై కండువా తీసి మొగం తుడుచుకున్నాడు. తిట్టింటే బాగుండు.

చివరికి పెండ్లి చేయించే అయ్యవారు అడ్డం పడినాడు. "పొద్దు గూకేలోపల ఇంకొకటి తెచ్చి పెడితే దోషం లేదు. అయితే తేవాల్సిన పద్ధతిలోనే తేవాల, సంచిలో పెట్టుకోని వస్తే కుదరదు" అన్నాడు.

పద్ధతంటే తెలుసు కదా. మేళగాళ్ళు అప్పుడే ఇస్తరాకు ముందర కూర్చున్నారు, వాళ్ళను బతిమాలి లేపినా. అన్నం తిని చాపల మీద ఒరిగిన పిన్నమ్మలను, అత్తలను ఒక్కొక్కరిని లేపి, మళ్ళీ పట్టుచీరలు కట్టించి, ఆ ఎండలో వీధిలోకి నడిపించినా. వాళ్ళకు గొడుగు పట్టింది నేనే, నా నెత్తికి ఏమీ లేదు. చెప్పులేసుకునే మొగం కూడా లేక తారు రోడ్డు మీద ఎగురుకుంటా నడిచినా. పోయేటప్పుడొక తిట్టు, వచ్చేటప్పుడొక తిట్టు. బజారోళ్ళు అంగళ్ళలోనుంచి తలలు బయటపెట్టి, "ఏమప్పా, మీకు ఇంకొక చెల్లెలుందా, చెప్పనేలేదే" అని అడిగితే ఏం చెప్పేది.

కుమ్మరామె నన్ను పైకీ కిందికీ చూసింది. "పెండ్లికి ఒకటి ఎక్కువే చేసి పెడ్తాం నాయనా. ప్రతి పెండ్లిలోనూ నీలాంటోడు ఒకడుంటాడు" అనింది. సున్నం చారలు అప్పటికే దిద్ది పెట్టింది. దండం పెట్టినా. "స్టీలు సామాన్ల అంగడోళ్ళు మట్టికుండను బతకనిస్తారా" అని వెనకనుంచి మా మేనత్త.

పెండ్లి సక్రమంగా జరిగింది. సరళ పోయింది. బండెక్కేటప్పుడు నేను ఏదో చెప్పాలనుకున్నా, క్షమించమనో, జాగ్రత్త అనో. "సీటు కింద బ్యాగు పెట్టినా" అని మాత్రం అన్నా. వాళ్ళింట్లో ఇప్పటికీ దాన్ని 'కుండ పగలగొట్టినోని చెల్లెలు' అనే పిలుస్తారంట. పరిహాసానికేలే అంటాది. మా నాయన అంగడిలో నాతో ఇంకా సరిగ్గా మాట్లాడటంలేదు. గిరాకీలున్నప్పుడు మాత్రం మాట్లాడ్తాడు.

మొన్న ఫోన్ చేసింది సరళ. సురేషు ఆడుతాంటే పక్కన కూర్చోని చూసిందంట, బియ్యం ఏరుకుంటా.

"అన్నా, రాయి దొరికింది. మొదటి గదిలోనే ఉండాది. ఆట మొదలవంగానే ముందుకు పరిగెత్తకుండా వెనక్కి తిరిగితే, మెట్ల కింద కుండలో. మనం ఒక్కసారి కూడా వెనక్కి తిరగలేదు" అనింది. "పో, కొట్టుకో" అని పెట్టేసింది.

అటక మీదనుంచి టీవీ దించినా. పెట్టినా. వెనక్కి తిరిగినా. ఉండాది, మెట్ల కింద, సున్నం చారలు కూడా లేని ఉత్త కుండ. దగ్గరికి పోయినా. కత్తి పైకెత్తిచ్చినా. వంటింట్లోనుంచి వచ్చిన మాయమ్మ టీవీలో కుండను చూసి, "రేయ్, దాని జోలికి పోవద్దురా" అని అరిచింది.

ఆమె చెప్పిందని కాదు, నాకే చెయ్యి రాలేదు. ఆ ఆటలో వెయ్యి కుండలు పగలగొట్టినోన్ని, ఒక్కదాన్ని పగలగొట్టలేక రిమోట్ కింద పెట్టేసినా. పక్కన చాట లేదు, "కొట్టన్నా" అనేటోళ్ళు లేరు.

ఆషాఢానికి వస్తాది కదా సరళ. రిమోట్ దాని చేతికిస్తా, అదే కొట్టనీ. కుండ పగలగొట్టడానికి చెల్లెలు పుట్టింటికి రావాలని ఎదురుచూసే అన్న ఈ జిల్లాలో నేనొక్కడినే ఉంటానప్పా.