సెంట్రింగక్క తీసిన తాళం

సెంట్రింగక్క అసలు పేరు ఆమె రేషన్ కార్డుకి తప్ప ఎవరికీ గుర్తులేదు. పెళ్ళయిన కొత్తలో స్లాబుల కింద సెంట్రింగ్ చెక్కలు మోసింది. మొగుడు పోయాక అవే చెక్కలు కొనుక్కుని, మేస్త్రీ పని తెలిసిన మరిదిని వెంటేసుకుని, చిన్నాచితకా సర్కారు పనులు పట్టసాగింది. మాట మోటు, పని నీటు.

కూరగాయల మార్కెట్టు వెనక ఆడవాళ్ళకి మరుగుదొడ్లు కట్టే పని ఆమెకి దక్కింది. పొద్దస్తమానం గంపల ముందు కూర్చునే ఆడవాళ్ళు దాహమేసినా మంచినీళ్ళు తాగడానికి జంకే చోటది. అందుకే తలుపులకి లోపలి గడియలు గట్టివి చూసి వేయించింది. ముసలివాళ్ళు పట్టుకుని లేవడానికి గోడకి ఇనుప కడ్డీ కూడా పెట్టించింది. "ఇది ఒప్పందంలో లేదొదినా, పైసా రాదు" అని మరిది గొణిగితే, "నీకు మోకాళ్ళ నొప్పులొచ్చాక చెప్తా" అంది.

పనైతే అయింది గానీ బిల్లు రాలేదు. చెప్పులరిగేలా ఆఫీసు చుట్టూ తిరిగినా ఇంజనీరుది ఒకటే పాట. "మంత్రిగారొచ్చి రిబ్బన్ను కత్తిరించాలమ్మా. అప్పుడు మేం అప్పగింత రాసుకుంటాం. బిల్లు ఆ తర్వాతే." మరుగుదొడ్ల ముందు ఫొటో దిగడం నచ్చలేదో ఏమో, మంత్రిగారికి తీరిక దొరకనే లేదు.

ఈలోగా సిమెంటు షావుకారు బాకీ కింద ఆమె కాంక్రీటు మిక్సరును తన గోదాములోకి తోయించుకున్నాడు. "ఏమనుకోకు చెల్లెమ్మా, నెలాఖరు దాకా చూస్తా. తర్వాత అమ్మేస్తా." మిక్సరు పోతే ఆమె మళ్ళీ ఎవరి చెక్కలో మోయాల్సిందే.

వరసకి పెదనాన్నయ్యే పాత కంట్రాక్టరు దగ్గర గోడు వెళ్ళబోసుకుంది. ఆయన చుట్టూ చూసి గొంతు తగ్గించాడు.

"పని అప్పగించిన రోజు నుంచి బిల్లు గడువు లెక్కేస్తారే పిచ్చితల్లీ. గడువు దాటితే వడ్డీతో సహా ఇవ్వాలని ఒప్పందంలోనే ఉంది. అందుకే ఎవడూ సంతకం పెట్టడు. గట్టిగా అడిగామా, ఇంకో పని రానివ్వరు."

"అప్పగించలేదంటే అది ఇంకా నా చేతిలోదేగా?"

"నీదే. ఏం చేస్తావ్, కాపురం పెడతావా?"

ఆయన పడీపడీ నవ్వాడు. ఆమె మాత్రం కొంగులో ముడేసిన తాళంచెవి తడుముకుంది.

మర్నాడు పొద్దున్నే తాళం తీసి, ట్యాంకు నింపించి, మార్కెట్టు మధ్యలో నిలబడి కేకేసింది. "రండమ్మా, తెరిచేశా!"

"రిబ్బన్నో?" అంది ఉల్లిపాయలమ్మే ఆవిడ.

"నీ చెంగు అడ్డం పెట్టి నువ్వే తెంపుకో!"

ఇంజనీరు స్కూటరు వచ్చేసరికి వరస రోడ్డెక్కింది.

"ఎవర్నడిగి తెరిచావమ్మా?"

"నాదానికి ఎవర్నడగాలి బాబూ?"

"నీదేంటి? సర్కారుది!"

"అయితే తీసుకున్నానని రాయి. రాయలేదా, నాదే. నా ఇంటికి నా చుట్టాలొచ్చారు."

"ఇంతమందా?"

"నేను మేనత్తని," అంది ఉల్లిపాయలావిడ. "పక్కకి జరుగు నాయనా, ఆగేలా లేదు."

వరసంతా ఘొల్లుమంది. ఇంజనీరు సెంట్రింగక్కని ఓ పక్కకి పిలిచాడు. "పైవాళ్ళు నన్ను తినేస్తారు. నీకూ ఇంకో పని రాదు. ఆలోచించుకో."

"మిక్సరు పోయాక పనిచ్చి ఏం లాభం? సరే, ఇప్పుడే తాళం వేసేస్తా. ఆ మాట ఈ ఆడవాళ్ళకి నువ్వే చెప్పు. నలుగురికీ వినపడేలా చెప్పు."

అతను వరస వైపు తిరిగాడు. నవ్వులు ఆగిపోయాయి. లోపలి నుంచి ఓ ముసలామె గడియ తీసి, గోడ కడ్డీ పట్టుకుని నిదానంగా బయటికొచ్చి, అతన్ని ఎగాదిగా చూసి, గుమ్మంలోనే నిలబడిపోయింది. ఇంజనీరు జేబులోంచి పెన్ను తీశాడు. స్కూటరు సీటు మీద కాగితం పరిచి అప్పగింత రాయసాగాడు.

"ఈవేళ్టి తేదీ కాదు బాబూ. పని పూర్తయిన రోజుది వెయ్యి."

"అదెలా కుదురుతుందమ్మా?"

"ఆ రోజు సున్నం ఆరిందో లేదోనని వేలెట్టి చూసింది నువ్వే. చొక్కాకి కూడా అంటించుకున్నావ్."

అతను ఆ తేదీయే వేశాడు. ఆమె తాళంచెవి అతని చేతిలో పెట్టి, కాగితం పుచ్చుకుని నేరుగా గోదాముకి నడిచింది.

"ఇది కాగితమేగా చెల్లెమ్మా, డబ్బు కాదుగా," అన్నాడు షావుకారు.

"వడ్డీ వస్తే నీ వాటా నీకిస్తా. మిక్సరు తోలుకుపోనివ్వు, సంపాదించి తీరుస్తా. కాదంటావా, రేపు నా చుట్టాలందర్నీ నీ గోదాముకి తీసుకొస్తా."

మార్కెట్టు సంగతి అప్పటికే అతని చెవిన పడింది. నిట్టూర్చి, మిక్సరు మీద కప్పిన పట్టా తీయించాడు.

సర్కారు డబ్బు ఇంకా రాలేదు. ఇంకో పనీ ఇవ్వలేదు. ఆమె ఇప్పుడు ఇళ్ళ స్లాబులు పోస్తోంది. వారం వారం ఆఫీసుకి మాత్రం వెళ్తూనే ఉంది, బిల్లుకే కాదు, వడ్డీకి కూడా. మొన్న పాత కంట్రాక్టరు ఆమె వాకిట్లోకొచ్చి, కాసేపు అదీ ఇదీ మాట్లాడి, చివరికి జేబులోంచి ఓ తాళంచెవి తీశాడు.

"బస్టాండు పక్క కొత్త హాలుదే. నాకూ అప్పగింత రాయలేదు. చుట్టాల్ని ఎక్కణ్ణించి పిలవాలో కాస్త చెప్పవే."