గీతల బాబాయి కారు

మనిషి ఎదురైతే అందరూ "బాగున్నారా" అంటారు. ఈ కథలోని అమ్మాయికి ఒక బాబాయి ఉన్నాడు, ఆయన మాత్రం "ఎన్ని గీతలున్నాయి?" అంటాడు. ఫోన్లో సిగ్నల్ చూపించే గీతలన్నమాట. పెళ్లిళ్లలో అడుగుతాడు, ఆసుపత్రి మంచాల పక్కన అడుగుతాడు. ఒకసారి ఆపరేషన్ అయ్యి అప్పుడే కళ్లు తెరిచిన వియ్యంకుణ్ణి అలాగే అడిగాడు. ఆయన అది తన గుండె మిషను సంగతనుకుని, బెంబేలెత్తి మళ్లీ కళ్లు మూసేసుకున్నాడు. అప్పటినుంచీ బంధువులంతా ఈయన్ని గీతల బాబాయి అనే పిలుస్తున్నారు.

నలభై ఏళ్లపాటు ముందు రేడియోలు, తర్వాత ఫోన్లు బాగుచేసి, కిందటేడే కొట్టు మూశాడు. కానీ చేతులు ఊరుకోవు కదా. తన పాత నీలం కారులో వైఫై పెట్టాడు. డాష్‌బోర్డు అరలో సిమ్ వేసిన రౌటర్, పైకప్పు మీద నత్త కొమ్ముల్లా రెండు యాంటెన్నాలు. మొదటిసారి చూసినప్పుడు ఆ అమ్మాయి నోరు తెరుచుకుని గుమ్మంలోనే నిలబడిపోయింది.

"ఇదేంటి బాబాయ్?"

"ఇల్లు కదలదు కదమ్మా. నెట్ ఇంట్లో ఉండి ఎవరికి లాభం?"

పిన్నికి కోపం వచ్చినప్పుడల్లా ఆ వైఫై పాస్‌వర్డు మారుతుంది. వాళ్లిద్దరి కాపురం ఎలా ఉందో తెలుసుకోవాలంటే అదొక్కటి అడిగితే చాలు.

"ఈ వారం ఏంటి?"

"తప్పునాదే, పక్కన నాలుగు."

"నాలుగెందుకు?"

"మూడుసార్లన్నా ఆవిడ ఒప్పుకోలేదు."

ఎర్రదీపం దగ్గర కారాగితే, చుట్టుపక్కల బళ్లవాళ్లకి ఆ పాస్‌వర్డు కేకేసి మరీ చెబుతాడు. ఒక స్కూటరతను సినిమా సగంలో ఉందని వెంటబడితే, అతని కోసం రెండు వీధులు నడిచేవాళ్లకన్నా నెమ్మదిగా కారు తోలాడు. అడిగినవాడికి లేదనడం ఆయన ఒంట్లోనే లేదు.

అందుకే ఆ రోజు ఆయన లేదనేసరికి ఆ అమ్మాయి తనే తప్పుగా విన్నాననుకుంది.

ఆమె ఇళ్ల ప్లాన్లు గీస్తుంది. మూడేళ్లుగా చిన్నాచితకా పనులతో నెట్టుకొస్తుంటే, ఒక పెద్ద కంపెనీ ఇంటర్వ్యూకి పిలిచింది. వీడియోలో, సరిగ్గా నాలుగింటికి. మధ్యాహ్నం రోడ్డు తవ్వేవాళ్లు నెట్ కేబుల్ తెంపేశారు. ఫోన్లో ఉన్నది ఒక్కటే గీత, అదీ ఉంటానా పోతానా అంటోంది. గీతలు గీసుకుని బతికే మనిషికి గీతలే కరువయ్యాయి. వెంటనే బాబాయికి ఫోన్ చేసింది.

"నాలుగింటికి కుదరదమ్మా," అన్నాడాయన. "అయిదింటికి రా, ఆరింటికి రా. నాలుగు నుంచి నాలుగున్నర మాత్రం అడక్కు."

ఆమె లాప్‌టాప్ చంకనపెట్టుకుని బాబాయి ఇంటికి పరుగెత్తింది. గుమ్మంలో పిన్ని గొంతు తగ్గించి చెప్పింది. "ఏడాదిగా అంతేనే. రోజూ ఆ వేళకి కారేసుకుని పోతాడు. ఎక్కడికో అడగొద్దన్నాడు."

ఆ అమ్మాయి పోయి కారు వెనక సీట్లో కూర్చుంది. "నన్ను దింపితే ఇక్కడే ఏడుస్తాను," అంది. బాబాయి బండి తీశాడు.

ఊరి చివర పాత రాతిగని గుంటలో ఓ ఇరవై ఇళ్లున్నాయి. ఆ లోతుకి కేబులూ రాదు, సిగ్నలూ దిగదు. బాబాయి గట్టు అంచున కారాపి, స్టూలెక్కి, యాంటెన్నాలు కిందికి వంచాడు. దిగువన ఒక కిటికీలో నలభై ఏళ్లావిడ కుట్టుమిషను ముందు కూర్చునుంది. మిషను మీద నిలబెట్టిన ఫోన్ వెలిగింది. అందులో ఇంకొకావిడ. ఇద్దరూ గబగబా చేతులాడించసాగారు.

"పోట్లాడుకుంటున్నారా బాబాయ్?"

"అక్కాచెల్లెళ్లమ్మా. ఇద్దరికీ పుట్టుకతోనే వినపడదు, చదువూ రాదు. చేతులతోనే మాట్లాడుకోవాలి. బొమ్మ ఆగిందంటే మాట సగంలో తెగినట్టే. అక్క దూరాన ఉంది, నాలుగింటికి పనిలో అరగంట విరామం. ఫోన్ పాడైందని, మూసిన కొట్టు సర్దుకుంటున్న నా దగ్గరికి ఈవిడ తెచ్చింది. ఫోన్ బాగానే ఉంది, పాడైంది ఈ చోటు. ఆ మాట చెప్పడానికి నాకు నోరు రాలేదు. ఎప్పటికీ మారని పాస్‌వర్డొకటి ఫోన్లో ఎక్కించి, బాగుచేశానన్నట్టు తలూపి, కాగితం మీద గడియారం బొమ్మ గీసి నాలుగు చూపించాను. ఆ వేళకే పనిచేస్తుందనుకుంటోంది పాపం."

"దీనికోసమా కారుకి నెట్ పెట్టావు?"

"లేదమ్మా. పిచ్చి ముందునుంచీ ఉంది. పనే తర్వాత దొరికింది."

టైము నాలుగు దాటి నిమిషమైంది, ఇంటర్వ్యూ కాల్ వచ్చింది. రెండు వీడియోలు ఒకేసారి నడిస్తే రెండూ ఆగిపోతాయని ఆమెకి తెలుసు. మూడేళ్ల ఎదురుచూపు ఒళ్లో లాప్‌టాప్ మీద వెలుగుతోంది. ఒక్క క్షణం కిటికీ వైపు చూసి, తన కెమెరా ఆపేసి, మాట ఒక్కటే ఉంచింది.

"మీరు కనబడటం లేదు," అన్నాడు అవతలి పెద్దాయన.

"కనబడనండి. ఇక్కడున్న కాస్త నెట్‌లో, బొమ్మ తప్పనిసరైనవాళ్లు ఇంకొకరున్నారు. నాకు మాట చాలు."

ఆమె తన ప్లాన్ల ఫైలు తెరిచి పెట్టుకుంది.

"సరే. మీరు పంపిన మెట్ల ప్లాన్ గురించి చెప్పండి," అన్నాడాయన. అరగంట అడిగినవన్నీ చెప్పింది. చివర్లో సోమవారం వచ్చి చేరమన్నారు. ఆమె ఆ సంగతి చెప్పబోయి చూస్తే, బాబాయి స్టీరింగు మీద తలపెట్టి గుర్రుపెడుతున్నాడు.

ఇంతలో గట్టెక్కి వస్తున్న అడుగుల చప్పుడైంది. కుట్టుమిషనావిడ. తిన్నగా కారు దగ్గరికే వస్తోంది. ఆ అమ్మాయి కంగారుగా బాబాయిని తట్టి లేపింది. దొంగతనం బయటపడ్డవాడిలా ఆయన కారు దిగాడు, వెనకే ఆ అమ్మాయి కూడా.

ఆవిడ చంకలో ఉన్న మందపాటి గుడ్డ విప్పి, కారు మీద పరిచింది. వానకి తడవకుండా వేసే ముసుగు. రెండు యాంటెన్నాలకీ చొక్కా చేతుల్లా విడివిడిగా రెండు తొడుగులు కుట్టింది. అద్దాలూ, కొమ్ములూ, సొట్టపడ్డ బంపరూ, ఎక్కడా వెంట్రుకవాసి తేడా లేదు.

"ఈవిడకి తెలుసన్నమాట," అన్నాడు బాబాయి, కూడదీసుకుని. "కానీ కొలతలెప్పుడు తీసిందమ్మా? రోజూ నేనిక్కడే కాపలా ఉన్నానే."

ఆయన మొహం చూసి ఆవిడకి ప్రశ్న అర్థమైంది. రెండు అరచేతులూ చెంప కింద పెట్టుకుని, కళ్లు మూసుకుని, నోరు బార్లా తెరిచి చూపించింది.