మునియమ్మకు అరువు గొంతు

తమిళనాడులోని గుడియాత్తంలో మా నేతవాళ్ళ ఇళ్ళలో మాట్లాడేది తెలుగు, చదివేది తమిళం. ఆ ఇంటి తెలుగులోనే సినిమాలు తీస్తానని మోహన పన్నెండేళ్ళుగా పట్టుబట్టి కూర్చుంది. వేలూరులో పెళ్ళి వీడియోలు తీసి సంపాదించినదంతా వాటికే పోసేది. సౌండ్ రికార్డింగ్ నాది. నటించేవాళ్ళకు తెలుగు అక్షరం రాదు గనక మా సంభాషణల కాగితాలన్నీ తమిళ లిపిలోనే ఉండేవి. చెన్నైలో చూపిస్తే, ఇది తెలుగు సినిమా, హైదరాబాదు పంపుకోండన్నారు. అక్కడికి పంపితే, ఇదేం తెలుగన్నారు. వినీ వినీ నాకు ఒళ్ళు మండిపోయేది.

మూడో సినిమాలో మోహన పెద్దమ్మ మునియమ్మ నటించింది. లుంగీలు నేసే మనిషి. మగ్గం దగ్గర గలగలా మాట్లాడేది కాస్తా, కెమెరా పెట్టగానే టీవీ సీరియల్‌లో లాగా "వచ్చాడు, వెళ్ళాడు" అనేది.

"పెద్దమ్మా, ఇంట్లో మాదిరి మాట్లాడు" అని మోహన బతిమాలేది.

"మన మాట బయటోళ్ళ ముందర యాడ బాగుంటాదమ్మా?" అని ఆమె ముడుచుకుపోయేది.

ఆమె నోట ఆమె మాట రావడానికి పదిహేడు రోజులు పట్టింది. వచ్చిన రోజు మోహన మానిటర్ ముందు కూర్చుని ఏడ్చింది.

హైదరాబాదులో ఓ చిన్న చిత్రోత్సవం వాళ్ళు ఆ సినిమాను తీసుకున్నారు. తరవాత నిర్వాహకుడు ఫోన్ చేసి, "మాటలు మోటుగా ఉన్నాయండీ. శుభ్రమైన తెలుగులో డబ్బింగ్ చెప్పించండి, లేకపోతే వేయలేం" అన్నాడు.

శుభ్రమట. మేమేదో మురిక్కాలవలోంచి లేచొచ్చినట్టు.

మోహన రెండు రోజులు అన్నం ముట్టలేదు. మూడో రోజు, "ఒక్కతూరైనా తెరమీద పడనీ గోకులన్నా" అంది. కుదరదని నేను చెప్పి ఉండొచ్చు. చెప్పలేదు. ఒక టీవీ యాంకరమ్మతో డబ్బింగ్ చెప్పించి, మునియమ్మ గొంతును నా చేతులతోనే తీసేశాను. నా మీద నాకే రోత పుట్టింది.

ప్రదర్శనకు మునియమ్మను వెంటబెట్టుకుని వెళ్ళాం. తెరమీద ఆమె నోరు కదిలింది, యాంకరమ్మ తెలుగు వినిపించింది. మోహన తలెత్తలేదు. సినిమా అయ్యాక మునియమ్మ కోప్పడుతుందని, తన గొంతు ఏమైందని అడుగుతుందని కాచుకుని కూర్చున్నాను. అడిగి ఉంటే బాగుండేది.

ఆమె మోహన చెయ్యి పట్టుకుంది. మొహం వెలిగిపోతోంది.

"రొంబ బాగుండాదమ్మా. ఇప్పుడు నేను మనిషి మాదిరి మాట్లాడినాను."