శవమే కట్ చెప్పాలి

ఆ రోజుల్లో నాకు ప్రపంచం మీద చాలా కోపం ఉండేది. ఆ సంగతి ప్రపంచానికి తెలియకపోవడం వల్ల అది ఇంకా పెరిగేది. దిల్‌సుఖ్‌నగర్‌కు ఉద్యోగాల కోచింగ్‌కని వచ్చి, ఓ ఆదివారం ఫిల్మ్ క్లబ్‌లో జార్జియా సినిమా చూశాను (అమెరికాలోని జార్జియా కాదు, రష్యా పక్కనున్న చిన్న దేశం). కథ అంతంతమాత్రంగా అర్థమైంది గానీ, రాసిందీ తీసిందీ నటించిందీ ఒక్కడేనని, ఆయన ఏళ్ల తరబడి అదే పద్ధతిలో సినిమాలు తీస్తున్నాడని తెలిసి నాకు కాలు నిలవలేదు. వారం తిరక్కుండా నేనూ కథ రాసేశాను: ఎల్బీ నగర్ బస్టాపులో ఒక యువకుడు కుప్పకూలి చనిపోతాడు, నగరం పట్టించుకోదు. దర్శకత్వం నాదే, శవం నేనే. ఫోన్‌తో తీసేవాడు మా మేనమామ కొడుకు. "నేను కట్ అనేదాక ఆపకు బావా, ఎవ్వలతోని మాట్లాడకు" అని గట్టిగా చెప్పాను. శవం కట్ ఎలా అంటుందన్న ప్రశ్న నాలోని ముగ్గురిలో (రచయిత, దర్శకుడు, నటుడు) ఒక్కడికీ తట్టలేదు.

మధ్యాహ్నం ఎండలో పడిపోయాను. చాలా బాగా పడ్డానని ఇప్పటికీ నా నమ్మకం. క్షణాల్లో జనం మూగారు. "జర జరుగుండ్రి, గాలాడనియ్యుండ్రి!" అని ఒకాయన అరిచాడు. "అయ్యో, ఎండదెబ్బండీ, అరికాళ్లు రుద్దండి" అంది కోస్తా యాసలో ఒకావిడ. చీరల మూటతో బస్సు కోసం నిలబడ్డ ఒక అవ్వ నా తల ఒళ్లో పెట్టుకుని కొంగుతో విసరసాగింది. పట్టించుకోని నగరం గురించి రాసిన రచయిత లోపల విలవిల్లాడుతున్నాడు; పిలవకుండానే ఇంతమంది జూనియర్ ఆర్టిస్టులు వచ్చారని దర్శకుడు మురిసిపోతున్నాడు; నటుడికేమో అరికాళ్లలో చక్కిలిగింత.

ఇంతలో ఎవరో మా బావను పట్టుకున్నారు. "మనిషి సస్తుంటే వీడియో తీస్తున్నవా? సిగ్గనిపిస్తలేదా?" చెంప ఛెళ్లుమంది. మాట్లాడొద్దన్నాను గనుక వాడు మాట్లాడలేదు (అంత నమ్మకస్తుడు). రెండో దెబ్బకి మాత్రం, "బావా, కట్ అనురా! నీ కాళ్లు మొక్కుత!" అని ఏడుపందుకున్నాడు. అప్పటికే ఆటో వచ్చింది, "దవాఖానకు పోనియ్యి" అంటూ నలుగురు నన్నెత్తారు. గాల్లో ఉండగా కళ్లు తెరిచి, వినయంగా "కట్" అన్నాను.

నలుగురూ ఒకేసారి చేతులు వదిలేశారు. తిట్టనివాళ్లు లేరు, ఒక్క అవ్వ తప్ప. "లేసినవ్ గద బిడ్డా, గది సాలు" అని తన సీసాలో నీళ్లు తాగించింది. నాకెందుకో ఏడుపొచ్చింది, నిజం ఏడుపు. దాన్ని తీద్దామంటే బావ చేతిలోని ఫోన్ అప్పటికే కిందపడి పగిలింది. బస్సు మెట్టెక్కుతూ ఆమె వెనక్కి తిరిగి, "ఇల్లు చేరేదాంక మల్ల సావకు" అంది.

మళ్లీ సినిమా జోలికి పోలేదు. ఇప్పుడు మూసారాంబాగ్‌లో ఆఫీసు ఉద్యోగం. అప్పుడప్పుడు ఆ రచయిత-దర్శకుడు-శవాన్ని తలచుకుంటే నవ్వొస్తుంది, కాస్త ముద్దొస్తాడు కూడా. అవ్వ మాట మాత్రం ఇప్పటిదాకా జవదాటలేదు.