అతికించిన శుభం

జగ్గయ్యపేటలో డేరా వేసిన టూరింగు టాకీసులో ఆ సినిమాకు చివరి రీలు వెయ్యలేదు. మొదటి ఆటలో దాన్ని చూసి ఆడవాళ్ళు గగ్గోలు పెట్టారట. యజమాని ఆ రీలు పక్కన పెట్టేసి, వేరే సినిమాలోంచి కత్తిరించిన ‘శుభం’ ముక్కను దాని ముందు రీలు చివర అతికించి ఆడించాడు.

అమ్మ, అక్క, నేను ఆడవాళ్ళ వైపు కూర్చుని చూశాం. మీసాలైనా రాని కుర్రాడొకడు తోటి పిల్ల వెంటపడతాడు. ఆమె ఇంకెవరితోనైనా మాట్లాడితే చెయ్యి కోసుకుంటాడు. చివరికి ఆమె అతనితో ఏటి ఒడ్డుకు నడుస్తుంది. అంతలో శుభం పడింది.

“ఒరే, అప్పుడే అయిపోయిందా? రీలు మింగేశావట్రా!” అని నేల టిక్కెట్టువాళ్ళు అరిచారు.

“పోన్లే, కలిశారు,” అంది అమ్మ కళ్ళు తుడుచుకుంటూ.

అక్కకు అప్పుడు పదహారేళ్ళు. మా వీధి చివరింటి కుర్రాడు ఆమె కోసం రోజూ చర్చి గేటు దగ్గర నిలబడేవాడు. ఆ సినిమా వచ్చాక చేతికి గుడ్డ కట్టుకుని నిలబడ్డాడు.

“బ్లేడుతో కోసుకున్నాడే, నా కోసం,” అంది అక్క.

“నొప్పెయ్యదూ?”

“పిచ్చిమొద్దూ! సినిమా చూళ్ళేదా నువ్వు?”

తర్వాత ఆమె స్నేహితురాళ్ళ ఇళ్ళకు వెళ్ళడం మానేసింది. అరుగు మీద కూర్చుని నాకు జడ వెయ్యడం కూడా మానేసింది. అడిగితే, “వీధిలో కూచుంటే అతనికి నచ్చదే,” అంది.

ఒక ఆదివారం ప్రార్థన నుంచి ఆమె ఇంటికి రాలేదు. ముక్త్యాల దగ్గర కృష్ణలో ఇద్దరూ దొరికారు. ఆమె ఎడమచేతిని అతని చేతికి తువ్వాలుతో కట్టి ఉంది. కుడిచేతి గోళ్ళు విరిగి ఉన్నాయి. రాళ్ళకు తగిలి ఉంటాయన్నారు. ప్రేమించుకుని కలిసి చనిపోయారని ఊరంతా చెప్పుకుంది. అతని తల్లి మా గుమ్మంలో కూలబడి, “నందిగామ పోయి పోయి అదే బొమ్మ చూసొచ్చేవాడమ్మా,” అని ఏడ్చింది. ఆ మాట అప్పుడెవరూ పట్టించుకోలేదు.

పెళ్ళయి నేను నందిగామ వచ్చిన కొన్నాళ్ళకు అక్కడి హాల్లో ఆ సినిమా మళ్ళీ వేశారు. ఒక్కదాన్నే వెళ్ళాను. చివరి రీలు ఉంది. ఏటి ఒడ్డున అతను ఆమె చేతిని తన చేతికి తువ్వాలుతో కడతాడు. ఆమె ముందు నవ్వుతుంది. నీళ్ళు నడుముదాకా వచ్చాక రెండో చేత్తో ముడి విప్పబోతుంది. అది బిగుసుకుపోయింది. ఆమె గోళ్ళతో పీకుతూనే ఉంది. ఆ తర్వాత నీళ్ళు తప్ప ఏమీ కనిపించలేదు. అప్పుడు కూడా శుభం అనే పడింది.

ఆ రోజుల్లో అమ్మ మా ఇంట్లోనే ఉంది. నేను వచ్చేసరికి బియ్యం ఏరుతోంది. తలెత్తకుండానే అడిగింది.

“ఆ సినిమాకే వెళ్ళావా?”

“ఆఁ.”

“ఇక్కడ కూడా కలుస్తారా చివర్లో?”

“శుభం పడిందమ్మా,” అన్నాను.

“పోన్లే,” అని అమ్మ చాటను దగ్గరికి లాక్కుంది.