వస్తా అన్న మాట

మా ఆయన ముక్త్యాలలో సిమెంటు లారీ ఎక్కేముందు ఫోన్ చేశాడు. ఒకటే గరగర, వెనక ఇంజన్ల రొద. “సరే, వస్తా” అని పెట్టేశాడు. నా చేతిలో పని ఆగిపోయింది. వెంటనే తిరిగి చేశాను. “వస్తా అంటే ఫోన్ పెట్టేస్తున్నావనా, ఇంటికొస్తున్నావనా?” పాతికేళ్ళుగా ఇదే ప్రశ్న. విసుక్కున్నాడు పాపం. ఈ జబ్బు నాకు అంటించింది ఖాదర్ బాషా సారు.

జగ్గయ్యపేటలో ఆయన టైపు నేర్పేవారు. మిలిటరీలో వైర్‌లెస్ మీద పనిచేసి వచ్చిన మనిషి. కుదురుగా కూర్చోవడం ఎరగరు. మా కుర్చీల వెనక తిరుగుతూనే ఉండేవారు. ఏది టైపు చేసినా పైకి చదివించేవారు. “నువ్వు విన్నది కాదమ్మాయ్, వాళ్ళు చెప్పింది కావాలి నాకు” అనేవారు. క్లాసయ్యాక “వస్తానండి” అంటే చాలు, “ఎప్పుడు?” అని గుమ్మంలో ఆపేసేవారు. చాటుగా మేం ఆయన్ని ‘ఎప్పుడు సారు’ అనే పిలుచుకునేవాళ్ళం. నాకు నోరు కాస్త ఎక్కువ. ఒకరోజు అడిగేశాను.

“వెళ్తున్నా అనకూడదని వస్తా అంటాం కద్సార్. మీకు తెలీదా ఏంటి?”

ఆయన నా పక్క కుర్చీలో కూర్చున్నారు. ఆయన కూర్చోగా చూడటం నాకదే మొదలు.

యుద్ధంలో మనవాళ్ళ వైర్‌లెస్ మాటలు శత్రువు వింటున్నాడని తెలిసి, అధికారులు ఇద్దరు తెలుగువాళ్ళను వెతికి చెరో సెట్టు దగ్గర కూర్చోబెట్టారట. ఇటు ఈయన. అటు జి.కొండూరు ఊరివాడు సత్యం. అతను సరిహద్దు దాటి ఒక గుట్ట మీద దాక్కుని, కనిపించిందల్లా చెప్పేవాడు. ట్యాంకులంటే గేదెలు, సైనికులంటే పెళ్ళివారు. ఊళ్ళో అరుగు మీద కబుర్లలాగే ఉండేదట.

“ఒకరోజు తెల్లారుతూనే ‘పెళ్ళివారు దగ్గర్లోకొచ్చారు బాషా, వస్తా’ అన్నాడు. మాట వినపడుద్దని ముగించాడనుకున్నా. ‘సరేరా’ అని ఊరుకున్నా. వాడు నిజంగానే వచ్చేస్తున్నాడమ్మాయ్. వాగు దాటొచ్చేది మనోడేనని మా కాపలావాళ్ళకి నేను చెప్పలా. మసక వెలుతుర్లో కాల్చేశారు.”

సత్యం ఇంటికెళ్ళిన కాగితంలో మాత్రం శత్రువు కాల్పుల్లో అని రాశారు. రహస్యం పని, ఎవరికీ చెప్పకూడదు. ఇరవై ఏళ్ళు ఆయన నోరు విప్పలేదు. ఆ రోజు సత్యం భార్య మరియమ్మకు నాచేత ఉత్తరం టైపు చేయించారు. చదవమన్నారు. “తప్పు నాది” అన్నచోట కాగితం దించేశాను. మళ్ళీ చదవమన్నారు.

“పోస్టులో వేస్తే పిరికితనం. నువ్వూ రా. నాకు మాట రాకపోతే నువ్వు చదువుదువుగాని” అని మర్నాడు జి.కొండూరు బస్సెక్కించారు. నందిగామ దాటేదాకా లేవడం, కూర్చోవడం. నన్నూ కుదురుగా ఉండనివ్వలేదు. కోపం వచ్చింది, భయమూ వేసింది. ఆవిడ ఛీ అంటే ఈయన తట్టుకోలేరు.

ఉత్తరం చదవాల్సిన పని పడలేదు. ఆయనే చెప్పారు. మరియమ్మ చేటలో మినుములు చెరగడం ఆపి విన్నది. అంతా అయ్యాక అడిగింది.

“ఆఖర్న వస్తా అన్నాడా?”

“అన్నాడు చెల్లెమ్మా.”

“సెలవైపోయి రైలెక్కేప్పుడు నాతోనూ అదే అన్నాడు. నేనేమో వస్తాడనుకున్నా. మీరేమో వెళ్తున్నాడనుకున్నారు.”

ఆవిడ కళ్ళు తుడుచుకోలేదు. మమ్మల్ని కూర్చోమనీ అనలేదు. గుమ్మం దగ్గర సారుకు ‘వస్తా’ అన్న మాట నోటికి రాలేదు. “వెళ్తున్నా చెల్లెమ్మా” అన్నారు.

ఆవిడ చేట కింద పెట్టింది. “అలా అనకూడదండి” అంది. “మళ్ళీ ఎప్పుడొస్తారు?” అని అడిగింది.

సారు గుమ్మం పట్టుకుని ఏడ్చారు. ఆ తర్వాత, బతికున్నన్నాళ్ళూ, క్రిస్మస్‌కి ఆ ఇంటికి వెళ్ళారు.

ఇప్పుడు నేను నందిగామ కోర్టులో సాక్షులు చెప్పింది టైపు చేస్తాను. ఎవరు గడియారం చూసుకున్నా సరే, తిరిగి చదివి వినిపించాకే కాగితం తీస్తాను. ఇందాక మా ఆయన చివరికి “ఇంటికే తల్లీ, ఆరింటికి” అన్నాడు. ఆరుంపావయింది. గుమ్మంలోనే నిలబడి ఉన్నాను.